కరీంనగర్: ఒకే సీటు, రెండు రాజీనామాలు, రెండు తీర్పులు

ఈ ఎపిసోడ్‌ని రెండు నంబర్లతో మొదలుపెడదాం. మొదటిది 2,01,582. రెండోది 15,765.

ఈ రెండూ ఓట్ల మెజారిటీలు. రెండూ కరీంనగర్ లోక్‌సభ స్థానానివే. రెండుసార్లూ గెలిచింది ఒకే మనిషి, కల్వకుంట్ల చంద్రశేఖర రావు. ఓడింది కూడా ఒకే మనిషి, కాంగ్రెస్ అభ్యర్థి టి. జీవన్ రెడ్డి. రెండుసార్లూ ఉప ఎన్నికే. రెండుసార్లూ ఆ ఎన్నిక రావడానికి కారణం సిట్టింగ్ ఎంపీ తనంతట తాను రాజీనామా చేయడమే. మధ్యలో గడిచింది ఏడాదిన్నర మాత్రమే. మరి రెండు లక్షలు ఎక్కడ, పదిహేను వేలు ఎక్కడ? ఈ ఏడాదిన్నరలో ఏం మారింది?

మీలో చాలామందికి 2006లో స్కూల్ వయసు, కొంతమంది అప్పటికి పుట్టి కూడా ఉండరు. అందుకే కొంచెం వెనక్కి వెళ్లి, మొదటి నుంచి చెప్తాను. దీంట్లో నేను ఏ పార్టీ తరఫునా మాట్లాడట్లేదు. నాకు ఆసక్తిగా అనిపించింది ఒక్కటే. ఒక ఎంపీ రాజీనామా చేసి మళ్ళీ మన దగ్గరికే వచ్చి ఓటు అడిగినప్పుడు, అసలు ఆయన మనల్ని ఏమడుగుతున్నట్టు?

ముందు రూల్స్ చూద్దాం. బోర్ కొట్టదు, నాదీ హామీ.

ఒక లోక్‌సభ సభ్యుడు పదవి వదులుకోవాలంటే స్పీకర్‌కి తన సంతకంతో లేఖ ఇవ్వాలి. రాజ్యాంగంలో 101వ అధికరణం దీని గురించే చెప్తుంది. అయితే లేఖ ఇచ్చినంత మాత్రాన పని అయిపోదు. స్పీకర్ దాన్ని ఆమోదించాలి. 1974కి ముందు ఈ ఆమోదం గొడవ లేదు. ఆ ఏడాది గుజరాత్‌లో నవనిర్మాణ్ ఉద్యమం జరిగింది. విద్యార్థులు ఎమ్మెల్యేల ఇళ్ల ముందు కూర్చుని రాజీనామా చేయమని ఒత్తిడి చేశారు. అలా ఒత్తిడితో చేసే రాజీనామాలకు అడ్డుకట్ట వేయాలని పార్లమెంటు 33వ రాజ్యాంగ సవరణ తెచ్చింది. అప్పటి నుంచి రాజీనామా స్వచ్ఛందమేనా, నిజమైనదేనా అని స్పీకర్ తృప్తి పడితేనే అది చెల్లుతుంది.

ఇంకో చిన్న విషయం ఉంది, నాకు చాలా ఇష్టమైనది. లోక్‌సభ నియమాల ప్రకారం రాజీనామా లేఖలో కారణం రాయకూడదు. ఫలానా తేదీ నుంచి నా స్థానానికి రాజీనామా చేస్తున్నాను అంటే చాలు. ఎవరైనా పేజీలకు పేజీలు కారణాలు రాసినా, స్పీకర్ సభలో ఆ మాటలు చదవకుండా వదిలేయొచ్చు. అంటే సభకి కారణంతో పనిలేదు. కారణం చెప్పాల్సింది ఎవరికి? మనకి. ఉప ఎన్నిక ప్రచారం అంటే ఒక రకంగా ఆ లేఖలో రాయని పేరానే ఊరూరా తిరిగి చదివి వినిపించడం.

రాజీనామా ఆమోదం పొందాక సీటు ఖాళీ అవుతుంది. 1996లో ప్రజాప్రాతినిధ్య చట్టంలో 151ఏ అనే సెక్షన్ చేర్చారు. దాని ప్రకారం ఖాళీ అయిన ఆరు నెలల్లోపు ఉప ఎన్నిక పెట్టాలి. మినహాయింపు ఎప్పుడంటే, ఆ సభ్యుడికి మిగిలిన కాలం ఏడాది కన్నా తక్కువైనా, లేదా ఆ గడువులో ఎన్నిక పెట్టడం కష్టమని ఎన్నికల సంఘం కేంద్రంతో సంప్రదించి ధ్రువీకరించినా. ఈ ఏడాది లెక్క గుర్తుపెట్టుకోండి, చివర్లో మళ్ళీ వస్తుంది. ఇంకోటి, ఉప ఎన్నికలో గెలిచినవాళ్లకి కొత్తగా ఐదేళ్లు రావు. పాత సభ్యుడు వదిలేసిన మిగతా కాలమే దక్కుతుంది.

ఇక కరీంనగర్‌కి వద్దాం.

2001 ఏప్రిల్. కేసీఆర్ అప్పటికి ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ అసెంబ్లీలో డిప్యూటీ స్పీకర్, తెలుగుదేశం ఎమ్మెల్యే. పార్టీకి, పదవికి, సిద్దిపేట ఎమ్మెల్యే సీటుకి రాజీనామా చేసి, ఏప్రిల్ 27న తెలంగాణ రాష్ట్ర సమితి పెట్టారు. మూడు వారాల తర్వాత, మే 17న, పెద్ద బహిరంగ సభ పెట్టారు. పేరు సింహగర్జన. ఎక్కడ? కరీంనగర్‌లో. జార్ఖండ్ రాష్ట్రం కోసం పోరాడిన శిబూ సోరెన్ కూడా ఆ సభకు వచ్చారు. అంతకుముందు ఏడాదే, అంటే 2000లో, ఛత్తీస్‌గఢ్, ఉత్తరాంచల్, జార్ఖండ్ మూడు కొత్త రాష్ట్రాలు ఏర్పడ్డాయి. మరి మాకెందుకు రాదు అన్న ప్రశ్న అప్పుడు గాలిలో ఉంది. అదే ఏడాది సిద్దిపేట ఉప ఎన్నికలో కేసీఆర్ మళ్ళీ గెలిచారు. అంటే రాజీనామా చేసి జనం దగ్గరికి వెళ్లడం అనే పద్ధతి ఆ పార్టీ పుట్టుకలోనే ఉంది.

2004 ఎన్నికల్లో టీఆర్ఎస్, కాంగ్రెస్ పొత్తు పెట్టుకున్నాయి. టీఆర్ఎస్‌కి 26 అసెంబ్లీ సీట్లు, 5 లోక్‌సభ సీట్లు వచ్చాయి. కరీంనగర్‌లో కేసీఆర్ గెలిచారు. ఓడింది మామూలు మనిషి కాదు, 1998లో, 1999లో అక్కడ వరసగా గెలిచిన బీజేపీ నేత సీహెచ్. విద్యాసాగర్ రావు. ఢిల్లీలో మన్మోహన్ సింగ్ ప్రభుత్వం ఏర్పడింది. కేసీఆర్ కేంద్ర మంత్రి అయ్యారు. మొదట ఓడరేవుల శాఖ ఇచ్చారు, డీఎంకే అది మాకు కావాలంటే వదులుకున్నారు. కొన్నాళ్లు శాఖ లేని మంత్రిగా ఉండి, తర్వాత కార్మిక శాఖ తీసుకున్నారు. మెదక్ ఎంపీ ఆలె నరేంద్ర గ్రామీణాభివృద్ధి సహాయ మంత్రి.

యూపీఏ ఉమ్మడి కార్యక్రమంలో తెలంగాణ మీద ఒక వాక్యం పెట్టారు. తగిన సమయంలో, సంప్రదింపులు జరిపి, ఏకాభిప్రాయం వచ్చాక పరిశీలిస్తాం అని దాని సారాంశం. చదవడానికి బాగానే ఉంటుంది. కానీ తగిన సమయం ఎప్పుడో, ఏకాభిప్రాయం అంటే ఎంతమందో అందులో ఎక్కడా లేదు. ప్రణబ్ ముఖర్జీ నాయకత్వంలో ఒక కమిటీ కూడా వేశారు. రెండేళ్లు గడిచాయి. కమిటీ దగ్గర ఏమీ కదల్లేదు.

2006 ఆగస్టులో కేసీఆర్, నరేంద్ర మంత్రి పదవులకు రాజీనామా చేశారు. తర్వాత టీఆర్ఎస్ యూపీఏకి మద్దతు ఉపసంహరించుకుంది. ఇక్కడ ఒక లెక్క చూడండి. ఐదుగురు ఎంపీలు వెళ్ళిపోతే ఢిల్లీ ప్రభుత్వం పడిపోతుందా? పడదు. అప్పుడు కాంగ్రెస్‌కి 145 మంది ఎంపీలు, మిత్రపక్షాలు వేరే, బయటి నుంచి మద్దతిచ్చే లెఫ్ట్ పార్టీలకి దాదాపు 60 మంది. టీఆర్ఎస్ బలం సంఖ్యలో లేదు. మరి ఎక్కడ ఉన్నట్టు? జనంలో ఉందని చూపించాలి. చూపించడం ఎలా?

సరిగ్గా అప్పుడే దారి చూపించింది అవతలి పక్షం.

రాష్ట్ర మంత్రి, కాంగ్రెస్ సీనియర్ నేత ఎం. సత్యనారాయణరావు, అందరూ ఎమ్మెస్సార్ అనే పెద్దమనిషి, ఒక సవాల్ విసిరారు. టీఆర్ఎస్ గెలిచింది కాంగ్రెస్ ఓట్లతోనే, దమ్ముంటే రాజీనామా చేసి కరీంనగర్‌లో మళ్ళీ గెలిచి చూపించు అన్నది ఆయన మాటల సారం. కేసీఆర్ వెంటనే అందుకున్నారు. 2006 సెప్టెంబర్‌లో ఎంపీ పదవికి రాజీనామా చేశారు. అప్పటికి ఆయనకి ఇంకా రెండున్నరేళ్లకు పైగా కాలం ఉంది.

ఎమ్మెస్సార్ గురించి ఒక విషయం తెలిస్తే మీకు ఆశ్చర్యమేస్తుంది. 1969లో తెలంగాణ ఉద్యమం లేచింది. ఆ తర్వాత 1971 లోక్‌సభ ఎన్నికల్లో తెలంగాణ ప్రజా సమితి ఈ ప్రాంతంలోని 14 సీట్లలో 10 గెలిచింది. అందులో కరీంనగర్ ఒకటి. అక్కడ ఆ పార్టీ టికెట్ మీద గెలిచింది ఎవరనుకుంటున్నారు? ఈ ఎమ్మెస్సారే. తర్వాత ఆ పార్టీ కాంగ్రెస్‌లో కలిసిపోయింది. ఆయన 1977లో, 1980లో కాంగ్రెస్ తరఫున అదే సీటు గెలిచారు. అంటే తెలంగాణ పేరు మీద కరీంనగర్ ఎంత బలంగా ఓటేస్తుందో, ఆ గెలుపు తర్వాత ఏమవుతుందో, ఈ రెండూ స్వయంగా చూసిన మనిషి ఆ సవాల్ విసిరారు. 35 ఏళ్ల తర్వాత అదే నేల మీద, ఈసారి అవతలి వైపు నుంచి.

ఉప ఎన్నిక 2006 డిసెంబర్ 4న. పోటీ త్రిముఖం. కాంగ్రెస్ నుంచి జగిత్యాల నాయకుడు జీవన్ రెడ్డి. తెలుగుదేశం నుంచి 1996లో ఇక్కడే ఎంపీగా గెలిచిన ఎల్. రమణ. టీఆర్ఎస్ నుంచి కేసీఆర్.

వాదనలు ఎలా ఉన్నాయో చూడండి. కాంగ్రెస్ ఏమంది? మేం అభివృద్ధి చేస్తున్నాం, ఈ మనిషి కేంద్ర మంత్రిగా ఉండి జిల్లాకి ఏం తెచ్చాడు, మధ్యలో వదిలేసి ఎందుకు వచ్చాడు అని అడిగింది. రాష్ట్రంలో వై.ఎస్. రాజశేఖర రెడ్డి ప్రభుత్వం ఉంది, మంత్రులు జిల్లాలో మకాం వేశారు. టీఆర్ఎస్ ఏమంది? ఇది ఎంపీ ఎన్నిక కాదు, తెలంగాణ కావాలా వద్దా అనే ఎన్నిక అంది. గమనించారా? ఒక పక్షం ఇది మామూలు ఎన్నికే అంటుంది, ఇంకో పక్షం ఇది రెఫరెండం అంటుంది. రాజీనామాతో వచ్చే ప్రతి ఉప ఎన్నికలోనూ అసలు కొట్లాట ఇదే. బ్యాలెట్ మీద ఉండేవి పేర్లూ గుర్తులే. కానీ ప్రశ్న ఏమిటో ఓటరు మనసులో ఎవరు రాయగలిగితే వాళ్లు సగం గెలిచినట్టే.

2006లో ఆ ప్రశ్న రాసింది టీఆర్ఎస్. నిజం చెప్పాలంటే, కాంగ్రెస్ వాళ్ల సవాలే ఆ ప్రశ్నని రాసిచ్చింది. మీరే రమ్మన్నారు, వచ్చాను అనడానికి కేసీఆర్‌కి అవకాశం దొరికింది. ఈ ఎన్నిక ఎందుకొచ్చింది అని ఎవరైనా అడిగితే రెడీమేడ్ జవాబు ఉంది. డిసెంబర్ 7న లెక్కపెట్టారు. కేసీఆర్‌కి 3,78,030 ఓట్లు, జీవన్ రెడ్డికి 1,76,448. తేడా 2,01,582.

పొత్తు లేకుండా, కాంగ్రెస్‌కీ తెలుగుదేశానికీ ఎదురు నిలబడి, రెండు లక్షల మెజారిటీ. మా ఓట్లతో గెలిచారు అన్న మాటకి అంతకంటే గట్టి జవాబు ఉండదు.

సరే, మరి దాంతో ఏమొచ్చింది? ఢిల్లీలో బిల్లు వచ్చిందా? రాలేదు. తేదీ ఏమైనా చెప్పారా? చెప్పలేదు. పార్లమెంటులో లెక్క మారలేదు కదా. ఒక ఎంపీ రాజీనామా చేసి అదే ఎంపీగా తిరిగొస్తే సభలో సంఖ్య ముందు ఎంతో తర్వాతా అంతే. మారేది సభ బయట మాత్రమే. తెలంగాణ అంటే ఓట్లు పడతాయి అని ప్రతి పార్టీకీ అర్థమైంది. కానీ అలాంటి అర్థం చల్లారడానికి ఎక్కువ కాలం పట్టదు.

ఇప్పుడు 2008కి వద్దాం.

2008 మార్చి. టీఆర్ఎస్ మళ్ళీ రాజీనామాల బాట పట్టింది. ఈసారి ఒక్కరు కాదు, నలుగురు ఎంపీలు, 16 మంది ఎమ్మెల్యేలు. మెదక్ ఎంపీ నరేంద్ర అప్పటికే పార్టీకి దూరమయ్యారు కాబట్టి ఆయన ఈ లెక్కలో లేరు. లోక్‌సభ గడువు 2009 వేసవి వరకు ఉంది. అంటే ఏడాదికి కొంచెం పైన. ఇందాక చెప్పిన ఏడాది లెక్క గుర్తుందా? ఇంకో మూడు నాలుగు నెలలు ఆగి ఉంటే ఉప ఎన్నికలే వచ్చేవి కావు. గడువు ఉండగానే రాజీనామాలు పడ్డాయి, ఆమోదం పొందాయి, మే 29న పోలింగ్ జరిగింది, జూన్ 1న లెక్కింపు.

ఫలితం టీఆర్ఎస్ అనుకున్నట్టు రాలేదు. నాలుగు లోక్‌సభ సీట్లలో రెండే నిలిచాయి, కరీంనగర్, హన్మకొండ. ఆదిలాబాద్ కాంగ్రెస్ అభ్యర్థి ఇంద్రకరణ్ రెడ్డికి పోయింది. వరంగల్ తెలుగుదేశం అభ్యర్థి ఎర్రబెల్లి దయాకర్ రావుకి పోయింది. వదులుకున్న 16 అసెంబ్లీ సీట్లలో తిరిగొచ్చినవి 7. ఇక కరీంనగర్‌లో కేసీఆర్‌కి 2,69,452 ఓట్లు, జీవన్ రెడ్డికి 2,53,687. తేడా 15,765. కేసీఆర్ ఓట్లు లక్షకు పైగా తగ్గాయి, జీవన్ రెడ్డి ఓట్లు 77 వేలు పెరిగాయి.

తెలంగాణ మీద జనానికి ఇష్టం తగ్గిందా? నాకు అలా అనిపించదు. తర్వాత జరిగింది చూస్తే ఆ మాట నిలబడదు కూడా. మరి ఏం మారింది? నా అంచనా మూడు ముక్కల్లో చెప్తాను.

ఒకటి, 2006లో సవాల్ అవతలి వైపు నుంచి వచ్చింది. 2008లో ఎవరూ సవాల్ విసరలేదు. పార్టీ తనంతట తాను టైమ్ చూసుకుని చేసింది. ఇప్పుడు ఎందుకు అన్న ప్రశ్నకి 2006లో దొరికినంత సూటి జవాబు 2008లో లేదు.

రెండు, కాంగ్రెస్ ప్రభుత్వం చేతిలో అప్పుడు కొత్త సరుకు ఉంది. 2007లో ఆరోగ్యశ్రీ మొదలైంది. 2008 ఫిబ్రవరి బడ్జెట్లో కేంద్రం రైతు రుణమాఫీ ప్రకటించింది. ఏప్రిల్‌లో రాష్ట్రంలో రెండు రూపాయల కిలో బియ్యం వచ్చింది. పోలింగ్ మే చివర్లో. రాష్ట్రం ఎప్పుడో వస్తుంది, బియ్యం ఈ నెల వచ్చింది. ఓటరు ఈ రెండింటినీ పక్కపక్కన పెట్టి చూడటం తప్పేమీ కాదు.

మూడోది నాకు అన్నిటికంటే ముఖ్యం. అలసట. మా అమ్మమ్మది ఆ జిల్లాలోనే ఒక పల్లె. 2008లో ప్రచారం జీపు ఇంటి ముందు నుంచి పోతుంటే ఆమె అన్న మాట నాకింకా గుర్తు. "మొన్ననే గెలిపిస్తిమి గదరా, మల్ల గా సీటుకే ఓటెయ్యాల్నా?" అంది. ఆమెకి తెలంగాణ వద్దని కాదు. తను ఇచ్చిన తీర్పుని ఎవరో మడతపెట్టి జేబులో పెట్టుకుని, ఇంకోసారి రాసిమ్మని అడిగినట్టు అనిపించింది ఆమెకి.

ఒక్కసారి లెక్కపెట్టండి. కరీంనగర్ ఓటరు లోక్‌సభ కోసం 2004లో ఓటేశాడు, 2006లో ఓటేశాడు, 2008లో ఓటేశాడు, 2009 సాధారణ ఎన్నికల్లో మళ్ళీ ఓటేశాడు. ఐదేళ్లలో నాలుగుసార్లు. రెండుసార్లు రాజీనామాకీ ఎన్నికకీ మధ్య కొన్ని నెలలు ఆ సీటుకి ఎంపీయే లేడు. ప్రశ్న అడిగేవాళ్లు లేరు, ఎంపీ నిధుల కోసం సంతకం పెట్టేవాళ్లు లేరు. ప్రతిసారీ టీచర్లకి పోలింగ్ డ్యూటీ, బళ్లు పోలింగ్ బూత్‌లు, ఎన్నికల కోడ్ వల్ల కొత్త పనులకి బ్రేక్. రాజీనామా అనేది నాయకుడు చేసే త్యాగం అంటాం కదా. దాని ఖర్చులో కొంత భాగం ఓటరు మీద కూడా పడుతుంది.

మరి 2009లో ఏమైంది? కేసీఆర్ కరీంనగర్ వదిలి మహబూబ్‌నగర్‌కి మారి అక్కడ గెలిచారు. కరీంనగర్‌లో కాంగ్రెస్ అభ్యర్థి పొన్నం ప్రభాకర్ గెలిచారు. రెండు లక్షల మెజారిటీ ఇచ్చిన సీటు రెండున్నరేళ్లలో చేతులు మారింది.

కథ ఇక్కడ ఆపేస్తే, రెండోసారి రాజీనామా చేస్తే జనం ఊరుకోరు అనే నీతి తీసుకోవచ్చు. కానీ చరిత్ర అంత ఈజీగా నీతులు ఇవ్వదు. ఎందుకంటే 2010 ఉంది.

2009 నవంబర్ 29న కేసీఆర్ నిరాహార దీక్ష మొదలుపెట్టారు. డిసెంబర్ 9న కేంద్ర హోం మంత్రి చిదంబరం రాష్ట్ర ఏర్పాటు ప్రక్రియ మొదలవుతుందని ప్రకటించారు. డిసెంబర్ 23న కేంద్రం వెనక్కి తగ్గి, విస్తృత సంప్రదింపులు కావాలంది. రెండు వారాల్లో చేతికొచ్చింది జారిపోయింది. 2010 ఫిబ్రవరిలో 12 మంది ఎమ్మెల్యేలు రాజీనామా చేశారు. పది మంది టీఆర్ఎస్, ఒకరు బీజేపీ, ఒకరు తెలుగుదేశం నుంచి గెలిచి టీఆర్ఎస్‌లోకి వచ్చినవారు. జులైలో ఉప ఎన్నికలు. 12 మందీ మళ్ళీ గెలిచారు. నిజామాబాద్ అర్బన్‌లో రాష్ట్ర కాంగ్రెస్ అధ్యక్షుడు డి. శ్రీనివాస్ బీజేపీ అభ్యర్థి చేతిలో ఓడిపోయారు.

చూశారా? మళ్ళీ రాజీనామాలే, మళ్ళీ ఉప ఎన్నికలే. కానీ ఈసారి అలసట లేదు. ఎందుకంటే ఈసారి ప్రశ్నని పార్టీ తయారుచేయలేదు, ఢిల్లీలో జరిగిన సంఘటనే తయారుచేసింది. ఇస్తామన్నారు, వెనక్కి తీసుకున్నారు, దీనికి మీరేమంటారు? ఇంత సూటి ప్రశ్న ఓటరుకి ఎప్పుడోగానీ రాదు. 2006లో సవాల్ అలాంటిది, 2010లో వెనకడుగు అలాంటిది. 2008లో అలాంటిది ఏదీ లేదు.

ఇదే కొలబద్దని వేరే చోట్ల పెట్టి చూద్దాం. నంద్యాల, 1991. పీవీ నరసింహారావు జూన్‌లో ప్రధానమంత్రి అయ్యారు, కానీ ఏ సభలోనూ సభ్యుడు కాదు. ఆరు నెలల్లో ఏదో ఒక సభకి ఎన్నిక కావాలి. నంద్యాల నుంచి అప్పుడే గెలిచిన గంగుల ప్రతాపరెడ్డి తన సీటు వదులుకున్నారు. తెలుగువాడు మొదటిసారి ప్రధాని అయ్యాడు కాబట్టి మేం పోటీ పెట్టం అని ఎన్టీఆర్ తెలుగుదేశాన్ని పోటీకి దూరంగా ఉంచారు. బీజేపీ తరఫున బంగారు లక్ష్మణ్ నిలబడ్డారు. పీవీకి దాదాపు 5 లక్షల 80 వేల మెజారిటీ వచ్చింది. ఇక్కడ రాజీనామా చేసింది ఒకరు, ఓటు అడిగింది ఇంకొకరు. అయినా ప్రశ్న స్పష్టంగా ఉంది. మన ప్రధానిని మనం సభకి పంపుతామా లేదా?

కడప, 2011. వై.ఎస్. జగన్‌మోహన్ రెడ్డి 2010 నవంబర్‌లో కాంగ్రెస్‌కీ ఎంపీ పదవికీ రాజీనామా చేశారు. 2011 మేలో ఉప ఎన్నిక. 2009లో కాంగ్రెస్ టికెట్ మీద ఆయన మెజారిటీ దాదాపు లక్షా 78 వేలు. కొత్త పార్టీ మీద అది 5 లక్షల 45 వేలు దాటింది. కాంగ్రెస్ నుంచి డి.ఎల్. రవీంద్రారెడ్డి, తెలుగుదేశం నుంచి మైసూరా రెడ్డి, ఇద్దరికీ డిపాజిట్ దక్కలేదు. అక్కడ కూడా ఓటరుకి ప్రశ్న ఏమిటో తెలుసు. పార్టీ గుర్తుకి ఓటేస్తావా, ఈ కుటుంబానికి ఓటేస్తావా?

ఇంకో ఉదాహరణ, ఎన్నికే జరగని ఉప ఎన్నిక. 2018 ఏప్రిల్ 6న ప్రత్యేక హోదా కోసం వైఎస్సార్ కాంగ్రెస్ ఎంపీలు ఐదుగురు రాజీనామా లేఖలు ఇచ్చారు. ఆ రోజుకి లోక్‌సభ గడువు దాదాపు 14 నెలలు ఉంది. కానీ స్పీకర్ సుమిత్రా మహాజన్ ఆమోదించింది జూన్‌లో. అప్పటికి మిగిలింది ఏడాది కన్నా తక్కువ. ఇందాకటి 151ఏ సెక్షన్ ప్రకారం ఉప ఎన్నిక అక్కర్లేదని ఎన్నికల సంఘం చెప్పింది. ఐదు నియోజకవర్గాలు మిగతా కాలమంతా ఎంపీ లేకుండానే ఉన్నాయి. ప్రత్యేక హోదా మీద ఆ ఐదు చోట్ల జనం ఏమనుకున్నారో విడిగా చెప్పే అవకాశమే రాలేదు. లేఖ ఇచ్చిన తేదీ కంటే ఆమోదం తేదీయే ముఖ్యం అనడానికి ఇంతకంటే మంచి ఉదాహరణ దొరకదు.

ఇవన్నీ కలిపి చూస్తే నాకు అర్థమైంది ఇది. రాజీనామా అనేది ఓటరుకి వేసే ప్రశ్న. ప్రశ్న బాగుంటే జవాబు లక్షల్లో వస్తుంది. ప్రశ్న మసకగా ఉంటే అదే ఓటరు, అదే మనిషికి, అదే సీటులో, పదిహేను వేలు మాత్రమే ఇస్తాడు. గెలిపిస్తాడు, కానీ మందలించి గెలిపిస్తాడు.

ఇంకో మాట కూడా నిజాయితీగా చెప్పుకోవాలి. తెలంగాణ రాష్ట్రం ఒక్క ఉప ఎన్నికతో రాలేదు. 2008 అక్టోబర్‌లో తెలుగుదేశం కూడా తెలంగాణకి అనుకూలమని తీర్మానించింది. అంతకుముందు నాలుగు నెలల కిందటే టీఆర్ఎస్ ఉప ఎన్నికల్లో దెబ్బతిన్నా సరే, ఆ డిమాండ్‌ని పక్కన పెట్టే ధైర్యం పెద్ద పార్టీలకి లేకపోయింది. తర్వాత విద్యార్థులు, ఉద్యోగులు, సకల జనుల సమ్మె, ప్రాణాలు పోగొట్టుకున్న పిల్లలు, చివరికి 2014 ఫిబ్రవరిలో రెండు సభల్లో బిల్లు, జూన్ 2న రాష్ట్రం. ఈ పొడవైన దారిలో 2006 కరీంనగర్ ఒక మైలురాయి. మైలురాయి ఎంత దూరం వచ్చామో చెప్తుంది, బండిని అది లాగదు.

మీరు ఇప్పుడిప్పుడే ఓటర్లు అవుతున్నవాళ్లు. మీ నియోజకవర్గంలో కూడా ఏదో ఒకరోజు ఎవరో ఒకరు రాజీనామా చేసి మీ దగ్గరికి వస్తారు. అప్పుడు మూడు ప్రశ్నలు వేయండి. ఈయన వదులుకున్నది నిజంగా ఏమిటి, ఇంకా ఎంత కాలం మిగిలి ఉండగా వదులుకున్నాడు? నేను గెలిపిస్తే ఆ తర్వాత మారేది ఏమిటి, ఎవరు మార్చాలి? ఇప్పుడే ఎందుకు? ఈ మూడింటికీ సూటిగా జవాబు వస్తే, అది మీ ఓటుకి దొరికిన గౌరవం. రాకపోతే, మా అమ్మమ్మ అడిగినట్టు మీరూ అడగండి, తప్పులేదు.

మీ ఇంట్లో 2006లోనో, 2008లోనో కరీంనగర్‌లో ఓటేసిన పెద్దవాళ్లు ఉంటే ఈ రెండు నంబర్లు చెప్పి, అప్పుడు మీకేమనిపించింది అని అడగండి. పుస్తకాల్లో లేని విషయాలు వాళ్ల దగ్గరే ఉంటాయి. వచ్చే ఎపిసోడ్‌లో కలుద్దాం. ఉంటాను.